మిద్దె మీద చవుడు

ఈ పొద్దు ఆత్మకూరులో ఒక మిద్దె మీదికి చవుడుమన్ను మోస్తా ఉంటే, ఆ తడివాసనకు ఉదయగిరిలో మా ఇల్లు గుర్తొచ్చింది.

మన ఊరోళ్లే గదా, మీ ఇళ్లల్లోనూ ఇంతే కదరా? మిద్దె కారకుండా ఏటా వానలకు ముందు పాత చవుడు మీదనే కొత్తది పోసేది, పాతది గీకేది లేదు. బరువుకు దూలాలు వంగి, పడుకుంటే మొహాన మన్ను రాలేది.

“ఈసారన్నా గీకి పొయ్యరా” అనింది అవ్వ.

“గీకితే కారతాది, నువ్వు ఊరుకోమా” అన్నాడు నాయన.

ఆ వానలకే మిద్దె అవ్వ మీద పడింది.

ఇప్పుడు ఈ ఇంటాయనదీ అదే కూత: “గీకేదేందిరా? మీదనే పొయ్యి!”

కింద, వంగిన దూలానికే చంటిబిడ్డ ఉయ్యాల కట్టుండారు. నాకు ఒళ్లు మండి గంప పడేసినాను. “ముందు ఆ ఉయ్యాల ఇప్పండి” అన్నాను.

ఆయన నవ్వినాడు. ఇంకో కూలోణ్ణి పిలిచి గంప ఎత్తించినాడు.