అమ్మ పేరు మీద పిన్ని ఉమ్ము

అమ్మ గుండెకి స్టెంట్ వేసిన బందరు డాక్టరుగారు, రక్తం గడ్డకట్టకుండా ఇచ్చే బిళ్ల కొందరి ఒంట్లో పనిచెయ్యదనీ, జన్యుపరీక్ష చేయిస్తే అది ముందే తెలుస్తుందనీ చెప్పారు. కాస్త ఉమ్ము పంపితే చాలట. గుడివాడ కాలేజీలో జువాలజీ చెప్పేవాణ్ణి, నేను ఊరుకుంటానా? ఇకమీదట మందులు కూడా జాకెట్లలాగే ఎవరి కొలతకి వాళ్లు కుట్టించుకోవడమేనని, అమ్మని చూడ్డానికి వచ్చిన ప్రతివాళ్లకీ పాఠం చెప్పాను.

మొవ్వలో మా ఇంటికి ఉమ్ము పట్టే గొట్టం వచ్చింది కార్తీక సోమవారం నాడు. దాంతోపాటు నాలుగు పేజీల అంగీకారపత్రం. అమ్మకేం అర్థమవుతుందిలే అని వసారాలో కూర్చుని నేనే సంతకం గీకేశాను. అమ్మకి తోడుగా ఉంటున్న పిన్ని చేతికిచ్చి గొట్టం లోపలికి పంపితే గీత దాకా నిండి తిరిగొచ్చింది.

బిళ్ల భేషుగ్గా పనిచేస్తుందని రిపోర్టు వచ్చింది. దాన్ని లామినేషన్ చేయించాను. అమ్మ మూడు నెలలు అదే బిళ్ల వేసుకుంది.

ఒక మధ్యాహ్నం అమ్మ పెరుగన్నం తింటుంటే, గొప్ప కోసం రిపోర్టులో మిగతా పేజీలు చదివి వినిపిస్తున్నాను. ‘ఈ వ్యక్తికి పాలు, పెరుగు పడవు’ అని ఉంది. పుట్టి బుద్ధెరిగాక పాలు ముట్టని మా పిన్ని గబగబా వంటింట్లోకి వెళ్లిపోయింది. వెనకే వెళ్లి నిలదీశాను.

“మీ అమ్మ ఒకటే గొడవరా! ఉపవాసం పూట ఎంగిలి సీసాలో పట్టి ఊళ్లు తిప్పుతారా అని. ఇద్దరం ఒక కడుపున పుట్టినవాళ్లమే కదా అని నేనే ఊశాను.”

అక్కచెల్లెళ్లయినా జన్యువులన్నీ ఒకటి కావని ఏటా బోర్డు మీద గీసి చూపించేవాణ్ణి. నా ఇంట్లో నా పాఠం వంటింటి దాకా చేరలేదు. మనిషి ఉమ్ములో అక్షరం అక్షరం చదవగలిగిన సైన్సుకి, ఆ ఉమ్ము ఎవరిదో తెలుసుకునే దారి లేకపోయింది.

ఉపవాసం లేని మంగళవారం చూసి అమ్మ చేత మళ్లీ పరీక్ష చేయించాం. ఆ బిళ్ల అమ్మకి పనిచెయ్యదట. మూడు నెలల్లో ఏమీ కాలేదంటే అది నా తెలివి వల్ల మాత్రం కాదు. డాక్టరుగారు వెంటనే మందు మార్చారు.

భయమంతా కోపమై అమ్మ మీద అరిచాను, ఇన్నాళ్లూ ఎందుకు చెప్పలేదని.

“నా కొలతకి కుట్టించిన మందని ఊరంతా చెప్పుకున్నావు కదరా,” అంది అమ్మ. “కొలత తీసుకునేటప్పుడు నన్నొక్కసారి పిలిచావా?”