నడిచే యంత్రానికి బొట్టు

గల్ఫ్ వెళ్ళొచ్చినవాళ్ళ గురించి కోనసీమలో రెండే కథలు చెల్లుతాయి. మేడ కట్టినవాడిది ఒకటి, పెట్టెలో తిరిగొచ్చినవాడిది ఇంకొకటి. రాజోలు వీరబాబు ఈ రెంటిలో దేనికీ పనికిరాడు. తొంభై ఏడులో కువైట్ వెళ్ళాడు, రెండువేల ఆరులో తిరిగొచ్చాడు. ఉన్న పెంకుటింటికి వెనక రెండు గదులు కలిశాయి. అంతే.

అక్కడ అతని పని కోల్డ్ స్టోరేజీలో. గడ్డకట్టిన కోళ్ళ పెట్టెలు లారీలోంచి గదిలోకి, గదిలోంచి లారీలోకి. ఆ చలిలో నోరు తెరిస్తే పళ్ళు జివ్వుమంటాయి కనుక ఎవరూ మాట్లాడుకోరు. తల ఊపుతారు, వేలు చూపిస్తారు, పని అయిపోతుంది. ఆ అలవాటు అతనితోపాటు విమానమెక్కి రాజోలు వచ్చేసింది. కూరలో ఉప్పు ఎక్కువైందని చెప్పడు, సరిపోయిందనీ చెప్పడు. వేలికొసలకి వేడి తెలియదు. పొయ్యి మీది గిన్నెను మసిగుడ్డ లేకుండా దించేస్తాడు. భార్య సత్యదుర్గ మొదటిసారి చూసి కెవ్వుమంది. నెల తిరిగేసరికి ఆమెకూ అది మామూలైపోయింది.

డబ్బు చూసి పొగరెక్కిందన్నారు వీధిలో. టీకొట్టు నూకయ్య మొహం మీదే అన్నాడు.

"ఏం షేక్ గారూ, మాటకి మాట ఇస్తే అరిగిపోద్దాండి?"

"ఆయ్," అన్నాడు వీరబాబు.

"పోన్లెండి, అదొక్కటీ మర్చిపోలేదు. సంతోషం."

వచ్చేటప్పుడు అందరూ తెచ్చేవి అతను తేలేదు. దుప్పటి లేదు, సెంటు సీసాలు లేవు. పాత లుంగీల మధ్య చుట్టి, ఇటుకల మూటంత బరువున్న నల్లటి డబ్బా ఒకటి తెచ్చాడు. అక్కడి శుక్రవారం సంతలో ఎవరో వాడి అమ్మేసింది కొన్నాడు. టీవీకి తగిలిస్తే ఆటలొస్తాయి. నలుగురు నాలుగు రిమోట్లు పట్టుకుని ఒకేసారి ఆడుకోవచ్చు.

"దీన్ని కూరొండుకుంటామా నాయనా?" అంది తల్లి పాపాయమ్మ.

"కొట్టు పెడతాను," అన్నాడు. ఆ రాత్రి భార్యతో ఇంకొక్క మాట చెప్పాడు. "కొట్టు నడిస్తే ఉండిపోతాను. నడవకపోతే మళ్ళీ వెళ్తాను."

సత్యదుర్గ ఆ మాటను పట్టుకుంది. పెళ్ళైన ఏడాదికే వెళ్ళిపోయిన మనిషి. కూతురు లక్ష్మీతులసి పుట్టినట్టు ఫోన్లో విన్నాడు. మళ్ళీ వెళ్తే ఎప్పటికి వస్తాడో, వస్తే ఏ మాత్రం మిగిలి వస్తాడో ఆమెకు తెలుసు. కాబట్టి కొట్టు నడవాలి.

మొదట్లో నడిచింది. బస్టాండు వెనక అద్దెగది, ఒక టీవీ, నాలుగు ప్లాస్టిక్ కుర్చీలు. బడి వదిలితే గుమ్మం దాకా పిల్లలు. తర్వాత డిస్కులు అరగడం మొదలైంది. బజ్జీలు తిన్న చేతులతో తీసి పెడుతుంటే ఏ డిస్కు మాత్రం ఎన్నాళ్ళుంటుంది? కారు పందెం డిస్కు ఒక మలుపు దగ్గర ఆగిపోయేది. "ఒరేయ్, ఈ కారు నిన్న కూడా ఇక్కడే చచ్చిందిరా," అని నవ్వి లేచిపోయేవాళ్ళు పిల్లలు. కొత్త డిస్కుల కోసం వాకబు చేస్తే తెలిసిందేమిటంటే, ఆ కంపెనీ అసలు ఆ డబ్బానే చేయడం మానేసింది. కాలేజీ రోడ్డులో ఎవరో కొత్తరకం డబ్బాలతో ఇంకో కొట్టు తెరిచారు. రెండువేల ఏడు దసరా నాటికి వీరబాబు కొట్టులో కుర్చీలు ఖాళీ. అమలాపురం నుంచి ఏజెంటు బుచ్చిరాజు కబురు పంపాడు, అదే కోళ్ళ కంపెనీకి మనుషులు కావాలిట, పండగ వెళ్ళాక వచ్చి మాట చెప్పమని.

పక్కనే ఇంటర్నెట్ సెంటర్ నడిపే ఏలీయా బీయస్సీ కంప్యూటర్స్ చదివాడు. ఈ డబ్బా సంగతి అతనికి తలకెక్కింది. సెంటర్లో జనం లేనప్పుడల్లా దాని గురించే చదివాడు.

"కంపెనీ వదిలేసిన డబ్బాతోనేనండి అసలు సుఖం," అన్నాడు. "ఏం చేసినా అడిగేవాడుండడు. ఇది కంపెనీ మాట తప్ప ఇంకోళ్ళ మాట వినదండి. కానీ ఓ ఆటలో కన్నముంది. ఆట మధ్యలో ఆపి దాచుకుంటాం చూడండి, ఆ దాచుకున్న ఫైలు వేషంలో మన ప్రోగ్రాం లోపలికెళ్ళి కూర్చుంటాది. ఇంక డబ్బా మన మాటే వింటాది. ఆటలన్నీ లోపలి హార్డు డిస్కులోకి ఎక్కించేసుకోవచ్చు. అరిగిపోకముందే ఊరగాయ పెట్టుకున్నట్టండి. హైదరాబాద్‌లో ఫ్రెండు దగ్గర ఇంకా బోలెడు ఆటలున్నాయి, అవీ పోసేద్దాం."

"ఆయ్," అన్నాడు వీరబాబు.

సత్యదుర్గ మాత్రం అట్ట మీద స్కెచ్ పెన్నుతో 'దసరా నుంచి కొత్త ఆటలు' అని రాసి గుమ్మానికి కట్టింది. పండగ చేతిఖర్చు పిల్లల జేబుల్లో ఉండగానే అన్నీ సిద్ధం కావాలని ఆమె లెక్క.

ఏలీయాకు పండగనాడే తీరిక, ఆరోజు సెంటర్‌కి ఎవరూ రారు. పొద్దున్నే వచ్చి ఒక రిమోటు వైరు కోశాడు. దాన్ని పెన్ డ్రైవ్ తగిలించే వైరుకి కలిపాడు. ఎరుపుకి ఎరుపు, ఆకుపచ్చకి ఆకుపచ్చ, తెలుపుకి తెలుపు, నలుపుకి నలుపు. పసుపు వైరుకి జత లేదు, దాన్ని మడిచి టేపు చుట్టేశాడు. పెన్ డ్రైవ్‌లోంచి ఫైలు డబ్బాలోకి వెళ్ళింది. ఆట పెట్టి, దాచిన చోటు నుంచి తెరవమన్నాడు. టీవీ నల్లబడిపోయింది. కాసేపటికి నీలం అక్షరాలతో ఒక పట్టిక వచ్చింది. కంపెనీవాళ్ళు ఎన్నడూ చూపించని పట్టిక.

"దూరిపోయేమండి," అన్నాడు ఏలీయా. ఏదో నొక్కాడు. తెర మీద ఒక గీత ఎడమ నుంచి కుడికి పాకడం మొదలుపెట్టింది. "డబ్బా లేవగానే ముందు చదువుకునే ఫైళ్ళుంటాయి కదండీ, అవి పీకి మనవి పెడతోంది. పాత డబ్బా కదా, నెమ్మదిగా ఎక్కుతాయి. గీత ఆ చివరికి చేరేదాకా దీన్ని కదపకూడదు, ఆపకూడదు."

సరిగ్గా అప్పుడే సత్యదుర్గ తలస్నానం చేసి, పళ్ళెంలో పసుపు, కుంకుమ, బంతిపూలు, కొబ్బరికాయ పెట్టుకుని ఆయుధపూజకు వచ్చింది.

ఏలీయా లేచి నిలబడ్డాడు. ఆదివారం చర్చికి వెళ్ళేవాడు. పూజ దగ్గర ఉంటే వాళ్ళకు మొహమాటం, ఉండకపోతే తనకు మొహమాటం. "కానియ్యండి అక్కగారూ, నేను టీ తాగొస్తానండి," అన్నాడు.

"అయ్యో, ఉండండి తమ్ముడుగారూ. ప్రసాదం తీసుకుందురు."

"వచ్చి తీసుకుంటానండి."

వచ్చిన మనిషిని ఒక్కడినీ టీకి పంపడం గోదావరి జిల్లాలో జరగని పని. వీరబాబు కూడా లేచాడు. గుమ్మం దాటుతూ ఏలీయా అడిగాడు, "కదపొద్దని అక్కగారికి చెప్పేరు కదండీ?"

"ఆయ్," అన్నాడు వీరబాబు. చెప్పలేదు. నడుస్తున్నదాన్ని ఎవరు మాత్రం ఆపుతారనుకున్నాడు. కనీసం ఆమాత్రమైనా అనుకున్నాడో లేదో.

సత్యదుర్గది భక్తి ముదిరిన మూర్ఖత్వమని కొట్టిపారేయడం సులువు. కానీ ఆమె మండపేట రైసుమిల్లు పెరట్లో పెరిగిన పిల్ల. తండ్రి అక్కడ పనిచేసేవాడు. మిల్లులో దసరానాడు ముందు మెయిన్ కట్టేస్తారు, బెల్టు దించేస్తారు, చక్రం పూర్తిగా ఆగిందని మేస్త్రి చేత్తో తట్టి చూశాకే ఆడవాళ్ళను బొట్టు పెట్టనిస్తారు. నడిచే యంత్రానికి బొట్టు పెట్టబోయి ఒకావిడ చెంగు ఇరుక్కుందని ఆమె చిన్నప్పుడు చెప్పుకునేవారు. ఆ ఆచారంలో దేవుడికన్నా తెలివే ఎక్కువ. మిల్లుకి పనికొచ్చిన ఆ తెలివి ఈ డబ్బా దగ్గరికి వచ్చేసరికి తిరగబడింది.

ఆమె స్విచ్చి కట్టేసింది. తడిగుడ్డతో టీవీని తుడిచింది, డబ్బాను తుడిచింది. రిమోట్లు గుచ్చే నాలుగు కన్నాల పైనా పసుపు రాసి, కుంకుమ పెట్టింది. కొబ్బరికాయ గుమ్మం బయటే కొట్టింది, నీళ్ళు డబ్బా మీద పడకుండా. హారతిచ్చి, కళ్ళు మూసుకుని, ఆ మనిషిని మళ్ళీ పంపించకు తల్లీ అనుకుంది. అప్పుడు స్విచ్చి వేసింది.

వీళ్ళు తిరిగొచ్చేసరికి తెర మీద ఒకే వాక్యం అరడజను భాషల్లో రాసి ఉంది. అందులో తెలుగు లేదు. సత్యదుర్గ దాన్ని కొత్త ఆట అనుకుని ఎదురుగా కూర్చుని చూస్తోంది.

ఏలీయా గుమ్మంలోనే ఆగిపోయాడు. "కరెంటు పోయిందాండి?"

"లేదండి, నేనే కట్టేను," అంది. "బొట్టు పెట్టడానికి."

ఏలీయా కూర్చుని మళ్ళీ ఆన్ చేశాడు. అదే వాక్యం. మధ్యాహ్నం దాకా ఏవేవో చేశాడు. మూత విప్పి, హార్డు డిస్కు తీసుకెళ్ళి తన కంప్యూటర్‌కి తగిలించాడు. అది చదవనివ్వలేదు. తిరిగొచ్చి, చేతికంటిన పసుపు చూసుకుంటూ చెప్పాడు.

"ఈ డిస్కుకి తాళం ఉంటాదండి. తాళంచెవి డబ్బాలోనే ఉంది. డబ్బా లేస్తే గాని చెవి రాదు, డిస్కు చదివితే గాని డబ్బా లేవదు. ముందే చెవి నకలు తీసుకోవాల్సింది, ఆటలు పోసేటప్పుడు తీద్దాంలే అనుకున్నాను. నాదీ ఉందండి తప్పు."

సత్యదుర్గ మొగుడి వైపు తిరిగింది. "చెప్తే ముట్టుకుందునాండి?"

"చెప్పలేదు," అన్నాడు వీరబాబు.

"తిట్టండి పోనీ."

వీరబాబు లోపల వెతుక్కున్నాడు. కోపం ఉండాల్సిన చోట ఏమీ లేదు. దుఃఖం కోసం చూశాడు, అదీ లేదు. ఖాళీ అయిన కోల్డ్ రూములో దీపం వేసి చూసినట్టు నాలుగు గోడలూ శుభ్రంగా కనిపించాయి. పళ్ళెంలోంచి కొబ్బరిముక్క తీసుకుని నమిలాడు. ఏలీయాకి ఒకటిచ్చాడు. వచ్చి తీసుకుంటానని మాటిచ్చాడు గనుక ఏలీయా కూడా తిన్నాడు.

సాయంత్రం పిల్లలు జేబులు గలగలలాడించుకుంటూ వచ్చారు. "కొత్త ఆటలేవండి?" అని అడిగారు. వీరబాబు చెయ్యి అడ్డంగా ఊపాడు. సత్యదుర్గ అట్ట ఊడదీసింది.

తర్వాతి వారం అతను పాస్‌పోర్టు జేబులో పెట్టుకుని అమలాపురం బయల్దేరితే "నేనూ వస్తానండి," అంది. అతను ఎందుకని అడగలేదు.

బుచ్చిరాజు ఆఫీసు మేడ మీద. "రావోయ్ వీరబాబూ. కూర్చో అమ్మాయ్," అన్నాడు. పాస్‌పోర్టు తిరగేశాడు. "అదే కంపెనీ, అదే చలి. కాపోతే వీసాకి ముందు కట్టాలి, ఈసారి రేటు పెంచేరు. అమ్ముకోడానికేవైనా ఉందా?"

వీరబాబు తల అడ్డంగా ఊపాడు.

"మగాళ్ళ బాధ ఇదేనోయ్. అదే ఇళ్ళల్లో పనికి ఆడవాళ్ళైతే వీసా ఖర్చు అక్కడి ఇంటివాళ్ళదే, టిక్కెట్టూ వాళ్ళదే. ముప్ఫై దాటుండాలి, అంతే. ఎదురిచ్చి తీసుకెళ్తున్నారు."

"నాకు దాటేయండి," అంది సత్యదుర్గ.

వీరబాబు భార్య వైపు చూశాడు.

"కొట్టు నడిస్తేనే ఉంటానన్నారు మీరు," అందామె, నెమ్మదిగా. "నడవలేదు. నేనైతే ఎవరికీ ఏ మాటా ఇవ్వలేదు. ఇంకోసారెళ్తే మీరు మిగలరండి. ఈసారే సగం వచ్చేరు. పిల్లని అత్తయ్యగారు చూసుకుంటారు. అన్నం మీరు తినిపించండి."

బుచ్చిరాజు పెన్ను పట్టుకుని ఆగాడు. "ఏవంటావోయ్?"

వద్దు అనడానికి ఒక్క మాట చాలు. అది ఎక్కడో ఉందని వీరబాబుకు తెలుసు, చెయ్యి అందలేదు. బుచ్చిరాజు మర్యాదగా ఇంకాసేపు ఆగాడు. తర్వాత వీరబాబు పాస్‌పోర్టు అతని వైపు నెట్టేసి, "పేరు చెప్పమ్మా, ఇంటిపేరుతో," అన్నాడు.

తిరుగు బస్సులో ఆమెకు కిటికీ పక్క సీటు దొరికింది. బస్సు పి.గన్నవరం అక్విడెక్టు ఎక్కింది. దాటాక వీరబాబు గొంతు సవరించుకున్నాడు.

"నీళ్ళని మాయ్ అంటారు," అన్నాడు.

ఆమె తల తిప్పింది.

"రొట్టెని ఖుబ్బుస్. చాలు అనాలంటే ఖలాస్. యల్లా అంటే కానియ్, పద అని. అరిచి చెప్తారు గానీ అది కోపం కాదు, వాళ్ళ గొంతే అంత. కోపమైతే మెల్లిగా మాట్లాడతారు, అప్పుడు జాగర్త. గుర్తింపు కార్డుని బతాకా అంటారు, అది నీ దగ్గరే ఉంచుకో, అమ్మగారడిగినా ఇవ్వకు. ఏసీలో పడుకోమంటారు, మేజోళ్ళు పట్టుకెళ్ళు. మొదట్లో నిద్ర పట్టదు. తర్వాత పడతాది."

రాజోలు పొలిమేర వచ్చేదాకా చెబుతూనే ఉన్నాడు, ఒకదాని తర్వాత ఒకటి, అప్పగింతలు పెట్టినట్టు. వెనక సీటువాళ్ళు ఒకసారి తొంగి చూశారు. సత్యదుర్గ ఒక్కో మాటా పెదాలతో తిరిగి అనుకుంటూ వచ్చింది.

"ఇన్ని మాటలు ఎప్పుడు నేర్చేరండి?" అంది చివరికి.

"వెళ్ళిన మొదటి నెల్లో," అన్నాడు వీరబాబు. "తర్వాత అక్కర్లేకపోయింది."