సంచికలో లేని బీడీ

ఆ ఆదివారం సాయంత్రం చూలైలోని మా తెలుగు సంఘం గదిలో ఉన్నవి: వార్షిక సంచిక కట్టలు నాలుగు, కట్టకు యాభై చొప్పున, ఒక ఫ్యాను, తమిళంలో రాసిన ఫిర్యాదు ఒకటి. ఉన్నవాళ్ళు: సంఘం అధ్యక్షుడు, అమ్మవారి ఉత్సవ కమిటీ వాళ్ళు ముగ్గురు, నాకు తెలుగు అక్షరాలు నేర్పిన పెద్దాయన, నేను.

ఫిర్యాదు సంచికలోని నా కథ మీద. వానకు వ్యాసర్పాడిలో రైలు పట్టాల కింద పోయే సబ్‌వేలో నీళ్ళు నిలిచి ఊరేగింపు బండి ఆగిపోతుంది. అమ్మవారు దిగి, చీర కుచ్చిళ్ళు ఎత్తిపట్టుకుని, కూలీలతో కలిసి నీళ్ళలో నడుస్తుంది. అంతే కథ.

"అమ్మోరు బీడీ తాగతాదా? మీ ఇంట్లో ఆడోళ్ళు తాగతారా పా?" అన్నాడు కమిటీలో పెద్దవాడు.

నా అనుమానం అక్కడ మొదలైంది. బీడీ మొదటి ప్రూఫులో ఉండేది. అమ్మవారు ఒక కూలీని అడిగి వెలిగించుకునేది. ఆ వాక్యం నేనే కొట్టేశాను. భయపడా, అక్కర్లేదనా అన్నది నాకే సరిగా తెలియదు. అచ్చులో లేదు. నేను కాక ఆ ప్రూఫు చూసింది పెద్దాయన ఒక్కరే. సంఘంలో తప్పులు దిద్దేది ఆయనే.

"ఏ పేజీలో ఉండాదో చూపించండి," అన్నాను.

వాళ్ళు ఇంట్లో మాట్లాడేది తెలుగే, బడిలో చదివింది తమిళం. ముగ్గురూ సంచిక తిప్పి అధ్యక్షుడికిచ్చారు. ఆయనకూ తెలుగు చదవడం రాదు. పెళ్ళిపత్రికైనా, సంఘం తీర్మానమైనా పెద్దాయన చదివితే మిగిలినవాళ్ళు వినడమే మా అలవాటు.

"మీరే చదవండి తాతా. ఉంటే పేజీలు చించేద్దాం. లేదంటే కథ ఉండనీ," అన్నాడు అధ్యక్షుడు.

ఆయన చదివారు. సబ్‌వే అయింది, చీర అయింది. తర్వాత, గొంతు మారకుండా, బీడీ వాక్యం చదివారు. చూపు పేజీ మీదే ఉంది. కళ్ళజోడు జేబులో ఉంది.

"తాతా, ఆ మాట ఈడ లేదు," అన్నాను.

"నువ్వు రాసిందే గదరా చదివినా."

"రాసినావా లేదా? నేరుగా చెప్పు పా," అన్నాడు కమిటీ పెద్ద.

"రాసినా. కానీ కొట్టేసినా."

'కానీ' తర్వాత ఎవరూ వినలేదు. కట్టలు విప్పారు. ఎక్కడి నుంచి ఎక్కడిదాకా చించాలో పెద్దాయనే చూపించారు.

పాత ప్రూఫు మనసులో ఉండిపోయి అలా చదివారేమోనని అనుకోవాలని ఉంటుంది. అయితే బీడీ సంగతి ఆయన చదవకముందే ఫిర్యాదులో ఉంది.

ఆ గదిలో ఉన్నది ఆరుగురం. తెలుగు చదవగలిగినవాళ్ళం ఇద్దరం.