పారిస్ నటి, ఆకుపచ్చ కుర్చీ

చవక తిండి దుకాణాలన్నీ ఒకే కప్పు కింద ఉండే జురాంగ్ వెస్ట్ హాకర్ సెంటర్ మధ్యాహ్నం జనంతో కిటకిటలాడుతోంది. నాలాగే పళ్లెం పట్టుకుని నిలబడ్డ ఫ్రెంచి పెద్దావిడకు అప్పుడే ఖాళీ అయిన కుర్చీ చూపించాను.

"ఆకుపచ్చదా? వద్దు! పారిస్‌లో నలభై ఏళ్లు నాటకాల్లో, సినిమాల్లో వేషాలు వేశాను. నటులకు ఆ రంగు కీడు. ఆకుపచ్చ గౌను వేయమన్నారని రాణి వేషమే వదులుకున్నాను."

మూఢనమ్మకాల మీద వేదికలెక్కి పోట్లాడేవాణ్ణి, ఊరుకుంటానా? "రంగుకు భయపడి రాణి వేషం పోగొట్టుకున్నారా! అదేం తర్కమమ్మా?"

"మరి పక్కనున్న ఆ బల్ల ఖాళీగానే ఉందిగా, మీరెందుకు కూర్చోలేదు?"

"దానిమీద ఎవరో టిష్యూ ప్యాకెట్ పెట్టారండీ. ఇక్కడ అదే రిజర్వేషన్."

"ఎవరు పెట్టారు?"

"తెలియదు."

"కూర్చుంటే ఏమవుతుంది?"

"వద్దండీ!" అంటూ అటు నడవబోయిన ఆవిడనూ ఆపేశాను. ఈలోగా ఆకుపచ్చ కుర్చీలో మరెవరో కూర్చున్నారు. ఇద్దరం నిలబడే తిన్నాం. నలుగురు పట్టే ఆ బల్లమీద టిష్యూ ప్యాకెట్ ఒక్కటే హాయిగా కూర్చుంది.