పిల్లల పార్టీకి ఓట్లడిగిన అక్క

మా ఇంటి అక్క పోయి మూడు నెలలైంది. ఆసుపత్రిలో మూడు దినాలు తెలివి లేకుండా పడుండి, నాలుగో దినం పొద్దున కన్నుమూసింది. ఆ సంగతి నాకు చెప్పింది మేం పనిచేసే ఇంటి యజమానురాలు, ఇక్కడ ఆమెను మామా అంటాం. వంటింటి వాకిట్లో నిలబడి "ఖలాస్" అనింది. మధ్యాహ్నానికి చుట్టాలు వస్తున్నారు. నేను ఉల్లిగడ్డలు తరుగుతా ఏడ్చినా. ఎవరూ అడగలేదు.

మా ఇల్లు అంటే నాదీ కాదు, ఆమెదీ కాదు. కువైట్‌లోని ఫింటాస్‌లో మేమిద్దరం పనిచేసే ఇల్లు. నాది రాయచోటి పక్క పల్లె. ఆమెది ఫిలిప్పీన్స్. నేను వచ్చేటప్పటికే ఆమె ఆ ఇంటి పిల్లోళ్ళను సాకుతా తొమ్మిదేండ్లయింది. ఆ తర్వాత పదకొండేండ్లు ఒకే గదిలో ఉన్నాం. సగం అరబీ, సగం ఇంగ్లీషు కలిపి మాట్లాడుకునేవాళ్ళం. ఆ మాటలే ఇక్కడ నా తెలుగులో రాస్తున్నా.

బియ్యంలో నీళ్ళు వేలి గణుపుతో కొలిచేది. మా అమ్మా అట్లే కొలుస్తుందని చెప్తే, "అయితే మీ అమ్మ మా ఊరి మనిషే" అని నవ్వింది. కాఫీ ఎప్పుడూ నిలబడే తాగేది. కూర్చుంటే ఎవరో ఒకరు పిలుస్తారని భయం. నేను కొత్తలో మామా చిన్న బిడ్డను ముద్దు చేస్తుంటే పక్కకు పిలిచి అనింది: "ఎత్తుకో, ఆడించు. కానీ నీ బిడ్డ కాదని రోజుకోసారి అనుకో. లేకపోతే బతకలేవు."

ఆమెకు ఒక్కతే కూతురు. నాలుగేండ్ల పిల్లను అవ్వ దగ్గర వదిలి వచ్చింది. ఆ పిల్ల ఫోన్లోనే పెరిగింది. కాలేజీలో చేరినాక స్నేహితులతో కలిసి ఒక పార్టీ మొదలుపెట్టింది. అందరూ ముప్పై లోపు వాళ్ళే. తాతల నుంచీ పదవులేలే ఇండ్ల పిల్లలు కాదు. మా ఊర్లోనే మాకు పని కావాల, మా అమ్మలు పరాయి బిడ్డల్ని సాకడానికి విమానాలెక్కకూడదు, అదీ వాళ్ళ మాట. అక్క ఆ మాట నాకు ఎన్నిసార్లు చెప్పిందో లెక్కలేదు. చెప్పిన ప్రతిసారీ ఆమె ముఖం పదేండ్లు చిన్నదయ్యేది.

కువైట్‌లో ఉన్న ఫిలిప్పీన్స్ వాళ్ళు తమ ఎంబసీలో ఓటేయొచ్చు. దానికి ముందు పేరు రాయించుకోవాల. శుక్రవారం సెలవు దొరికితే చాలు, అక్క హవల్లీలో ఒక గదికి పోయేది. వాళ్ళ దేశం ఆడోళ్ళంతా అక్కడ చేరేవాళ్ళు. పేర్లు రాయించుకోమని, కూతురి పార్టీకి ఓటేయమని అక్క వాళ్ళను అడిగేది. ఒకసారి నన్నూ తీసుకుపోయింది. ఒకామె ఎగతాళిగా, "ఆ పిల్లలకేం తెలుసు?" అనింది.

"తెలిసిన పెద్దోళ్ళు ఏం చేసినారు? మనల్ని విమానం ఎక్కించినారు. తెలీని వాళ్ళకు ఒక్కసారి ఇచ్చి చూద్దాం" అనింది అక్క. ఎగతాళి చేసినామె కూడా పేరు రాయించుకుంది.

ఓటేసే రోజు మామా సెలవు ఇయ్యనన్నది. అక్క ఎన్నడూ ఎదురు చెప్పిన మనిషి కాదు. ఆ పొద్దు మాత్రం, "మామా, ఇన్నేండ్లలో నా కోసమని ఒక్క పూట అడుగుతున్నా" అనింది.

"పో. రెండు నెలలు శుక్రవారం సెలవు లేదు."

"సరే మామా" అని చెప్పులేసుకుంది.

పార్టీకి ఒక్క సీటు వచ్చింది. ఆ కబురు తెలిసిన పొద్దు అక్క వంటింట్లో కుర్చీ లాక్కుని కూర్చుని, కాఫీ మొత్తం తాగింది.

మరుసటి ఏడు, ఆ సీటు గెలిచిన కుర్రాడు కువైట్ వచ్చి ఒక హాల్లో మీటింగ్ పెట్టినాడు. "మీరే దేశానికి హీరోలు" అని మాట్లాడినాడంట. అక్క లేచి, "హీరోలనొద్దు నాయనా. ఊర్లో పని చూపిస్తామన్నారు. యాడుంది?" అని అడిగింది. వాడు నవ్వి, "త్వరలో మంచి కబురు వింటావు ఆంటీ" అని పక్కన నిలబడి ఫోటో దిగినాడు.

ఆ మంచి కబురు ఫోన్లో వీడియోగా వచ్చింది. వాళ్ళ ఊర్లో పార్టీ ఒక శిక్షణ కేంద్రం తెరిచింది. ఏ పెద్దింటి మీద పోటీ చేసి గెలిచినారో, ఆ ఇంటాయన పక్కనే నిలబడి అక్క కూతురు రిబ్బన్ కత్తిరిస్తా ఉంది. వెనక ఆడపిల్లలు పసిబిడ్డ బొమ్మకు నీళ్ళు పోయడం నేర్చుకుంటున్నారు. ఆరు వారాలు నేర్పించి గల్ఫ్‌కు పంపిస్తారంట.

అక్క కూతురికి ఫోన్ చేసింది. నాకు వాళ్ళ భాష రాదు. ఫోన్ పెట్టేసినాక ఒక్కో మాటా చెప్పింది.

"'నువ్వేమీ తెలీకుండా పోయినావమ్మా, వీళ్ళు నేర్చుకుని పోతున్నారు, ఆడపిల్లలు సొంతకాళ్ళ మీద నిలబడడమంటే ఇదే' అనింది. 'నేను పోయేటప్పుడు నా కాళ్ళు చుట్టుకుని ఏడ్చినావు కదే, ఆ పనే నేర్పిస్తున్నావా' అన్నా. మీటింగ్ ఉందని పెట్టేసింది."

తర్వాత అక్క హవల్లీకి పోలేదు. "నా నోటితో ఓట్లడిగినా. వాళ్ళకు అబద్ధం చెప్పింది నేనే కదా" అనేది. తలనొప్పి అప్పుడే మొదలైంది. మామా మాత్రలిచ్చింది. ఆసుపత్రికి పోదామని నేను రెండుసార్లు అన్నా, మూడోసారి అనలేదు. ఒక పొద్దున పొయ్యి మీద పాలు కాస్తా అక్క పడిపోయింది. పార్టీ మీద, మామా మీద నాకెంత కోపముందో, ఆ అనని మూడోసారి మీద అంతకన్నా ఎక్కువ ఉంది.

ఆమె పోయినాక పార్టీ వాళ్ళు ఆ హాల్లో దిగిన ఫోటో పెట్టి, కింద "మా పోరాటానికి తల్లి" అని రాసినారంట. హవల్లీ ఆడోళ్ళు చూపించినారు. ఆ ఫోటోలో కుర్రాడు నవ్వుతున్నాడు. అక్క నవ్వలేదు.

మొన్న ఆదివారం అక్క మంచం మీదికి కొత్త పిల్ల వచ్చింది. ఇరవై రెండేండ్లుంటాయి. ఆ కేంద్రంలోనే నేర్చుకుని, నాలుగైదు నెలలు వీసా కోసం కాచుకుని వచ్చిందంట. మొదటి పొద్దే మామా మొగుడు, మా కఫీల్, వేసుకునే తెల్ల పొడుగు అంగీ, దిష్‌దాషా ఇస్త్రీకి తీసుకుంది. ముందు మెడపట్టీ, తర్వాత చేతులు, అచ్చం అక్క చేసినట్టే ఒక్క ముడత లేకుండా చేస్తా ఉంది.

"బాగా నేర్పించినారే" అన్నా.

"మా టీచర్ నేర్పించింది ఆంటీ. వాళ్ళమ్మ ఇట్లే చేస్తుందంట. ఆమె కువైట్‌లోనే ఉందంట, నీకు తెలుసా?"

ఇస్త్రీపెట్టె నుంచి ఆవిరి లేచి ఆ పిల్ల ముఖానికి అడ్డం వచ్చింది. ఆవిరి అవతల నుంచి నా జవాబు కోసం చూస్తా ఉంది.