మాణిక్యమా, నీలిమా?

ఆ రోజుల్లో, అంటే ఎనభైల్లో, మా తెనాలిలో భూగర్భశాస్త్రం చదువుతున్నానంటే "అయితే బోరు ఎక్కడ వెయ్యాలో చెప్తావా అబ్బాయ్?" అని అడిగేవాళ్ళు. కృష్ణమ్మ తెచ్చిపోసిన నల్లమట్టి, రైలుకట్ట మీది కంకర తప్ప రాయనేది కనబడని ఊళ్ళో రాళ్ళ చదువు చదివే నాకు, నేర్చుకున్నది ఎక్కడో ఒకచోట చూపించుకోవాలని మహా దురదగా ఉండేది. మా అక్క కూతురి బారసాలకి ఆ దురద తీరింది.

అక్క పురిటికి మా ఇంటికొచ్చింది. బావకి బాపట్లలో ఉద్యోగం, అక్క అత్తగారు ఉండేది రేపల్లెలో. ఆవిడ పేరు మాణిక్యమ్మ. మొదటి మనవరాలికి నాయనమ్మ పేరు పెట్టడం వాళ్ళింటి ఆనవాయితీ. అక్కకేమో నీలిమ అని పెట్టుకోవాలని ఆశ. "అత్తగారి పేరు కోడలు నోటితో అనకూడదంటారు. మరి నా కూతుర్ని నేను పేరు పెట్టి పిలుచుకోవద్దంట్రా?" అని బారసాల ముందురోజు నా దగ్గర కళ్ళనీళ్ళు పెట్టుకుంది. బావని కదిలిస్తే "మా అమ్మతో నేను మాట్లాడలేనయ్యా, నువ్వు చదువుకున్నవాడివి, నువ్వే చూడు" అని పేపరు అడ్డం పెట్టుకున్నాడు. (బావ కూడా చదువుకున్నవాడే.) అక్క ఏడుపు చూస్తే నాకు నిజంగానే జాలేసింది. పైగా దానికి మార్గం నా పాఠంలోనే ఉంది.

మర్నాడు పొద్దున్నే రేపల్లె ప్యాసింజరు దిగి వచ్చిన ఆవిడ కాఫీ తాగుతుండగా వెళ్ళి ఎదురుగా కూర్చున్నాను.

"అత్తయ్యగారూ, మాణిక్యం, నీలం వేరువేరు రాళ్ళు కాదండి. రెండూ కురువిందమే. రంగొక్కటే తేడా. పాపకి నీలిమ అని పెడితే మీ పేరు పెట్టినట్టేనండి."

"ఏంటీ, రెండూ ఒకటేనా?"

"ఒకటేనండి." అక్కడితో ఆగుంటే సరిపోయేది. ఆగితే నేనెందుకవుతాను? "అసలు రెండూ ఆక్సిజన్‌తో కలిసిన అల్యూమినియమేనండి. కాస్త మలినం చేరబట్టే మాణిక్యానికి ఆ ఎరుపు."

"అంటే నేను సత్తుగిన్నెనీ, దానికంటిన మురికినీనా నాయనా?"

వంటింట్లో అమ్మ చేతిలోంచి గరిటె జారిన చప్పుడు వినబడింది. ఆవిడకి కోపం రాలేదు, అదే నాకు ఇప్పటికీ ఆశ్చర్యం. మిగిలిన కాఫీ తీరిగ్గా తాగి, "రెండూ ఒకటే రాయన్నావుగా. అయితే మాణిక్యమని పెట్టినా మీ అక్క కోరిన పేరు పెట్టినట్టేగా" అంది. బారసాల వేళకి బావ పళ్ళెంలో బియ్యం మీద ఉంగరంతో మాణిక్యం అని బుద్ధిగా రాశాడు. అక్క ఆ రోజంతా నన్ను పాపని ఎత్తుకోనివ్వలేదు.

అత్తగారి పేరు పలకకూడదు కాబట్టి, అక్క పిల్లని దర్జాగా నీలూ అని పిలవడం మొదలుపెట్టింది. ఆవిడ కాదనలేకపోయింది, పట్టింపు ఆవిడదే మరి. తొంభైల్లో కాలు విరిగి ఆవిడ బాపట్లకి కొడుకింటికి చేరాక ఓసారి చూడ్డానికి వెళ్ళాను. మంచం మీంచి లోపలికి కేకేసింది. "నీలూ, మీ మామయ్యకి మంచినీళ్ళియ్యవే."

నేను నవ్వు దాచుకోలేకపోయాను.

"ఏం చెయ్యను నాయనా," అంది ఆవిడ, "నా పేరు నేనే పిలుచుకోవాలంటే సిగ్గేసింది. పసిగుడ్డుగా ఉన్నప్పట్నించీ నేనూ నీలూ అనే అంటున్నా."

అంటే మాణిక్యమనే పేరు బళ్ళో హాజరుకి తప్ప ఎవరూ వాడనేలేదు. ఆ పొద్దున నేను నోరు మూసుకుని నా కాఫీ నేను తాగినా జరిగేది ఇదే. అల్యూమినియం, మలినం అంటూ ముసలావిడ ముందు గుక్కతిప్పుకోకుండా పాఠం చెప్పిన ఆ కుర్రాణ్ణి తలుచుకుంటే ఇప్పుడు ముద్దొస్తాడు. అంత నమ్మకంగా నేను మళ్ళీ ఏ సంగతీ ఎవరికీ చెప్పలేకపోయాను.