రామీరోకి మళ్లీ మాట వచ్చిన వేసవి

2023 ఫిబ్రవరిలో, శాంటా క్లారాలో నేను పనిచేసే రిహాబ్ సెంటర్‌కి రామీరో మొదటిసారి వచ్చారు. స్పీచ్ థెరపిస్ట్ అంటే నత్తి పోగొట్టే మనిషి అనుకుంటారు చాలామంది. అదీ మా పనే. కానీ నా దగ్గరికి ఎక్కువగా వచ్చేది స్ట్రోక్ వల్ల మాట పోయినవాళ్లు. ఈ స్థితిని అఫేజియా అంటారు. తెలివి ఎక్కడికీ పోదు. ఎదుటి మనిషి గుర్తుంటారు, చెప్పాల్సింది తెలుసు, ఆ మాట మాత్రం నోటిదాకా రాదు.

రామీరోకి అరవై దగ్గర పడుతున్నాయి. ఎత్తైన మనిషి. కుడి చెయ్యి కొంచెం బలహీనపడింది, నడకకి కర్ర. పక్కన భార్య గ్రాసియెలా. నేను పేరు అడిగితే ఆయన నోరు తెరిచి, పెదవులు కదిపి, చివరికి తల దించుకున్నారు.

మొదటి వారం నేను మనిషిని తెలుసుకోవడానికే వాడుకుంటాను. గ్రాసియెలా తన ఫోన్‌లో పాత ఫోటోలు చూపిస్తూ ఆయన కథ చెప్పింది. అర్జెంటీనాలో, రొసారియో పక్కన ఒక రైల్వే కాలనీలో పుట్టారు. పదిహేడేళ్లకే పెద్ద ఫుట్‌బాల్ క్లబ్‌లో ఆడారు. సెంటర్ బ్యాక్, అంటే గోల్‌కీపర్‌కి ముందు నిలబడి వచ్చే దాడిని ఆపే ఆటగాడు. గోల్ కొట్టినవాళ్లని అందరూ ఎత్తుకుని ఊరేగుతున్న ఫోటోల్లో ఆయన ఎక్కడో వెనక మసగ్గా కనిపించేవారు. తర్వాత కొన్నేళ్లు మెక్సికోలో ఆడి, ఆట చివరి రోజుల్లో కాలిఫోర్నియా వచ్చారు. మోకాలు సహకరించక ఆట మానేసి, పార్కుల్లో పిల్లలకి నేర్పుతూ నేర్పుతూ ఒక చిన్న క్లబ్‌కి హెడ్ కోచ్ అయ్యారు. కాలేజీ కుర్రాళ్లు వేసవిలో ఆడే జట్టు అది.

"ఈయన నిద్రలో కూడా ఎవరో ఒకర్ని జరగమని అరిచేవాడు" అంది గ్రాసియెలా. "ఇప్పుడు మా ఇంట్లో గడియారం చప్పుడు వినిపిస్తోంది సునీతా. ఇన్నేళ్లలో ఎప్పుడూ వినలేదు."

రామీరో కిటికీ వైపు తిరిగి కూర్చున్నారు. అన్నీ వింటున్నారని ఆయన మెడ బిగుసుకోవడంలోనే తెలిసింది.

బొమ్మల కార్డులతో మొదలుపెట్టాం. కప్పు, తాళంచెవి, చెప్పు. ఆ వస్తువేమిటో ఆయనకి తెలుసు. పేరు వెతుక్కునేసరికి నుదుట చెమటలు పట్టేవి. మూడో వారంలో ఒకరోజు ఆయన కార్డుని విసిరికొట్టి, స్పానిష్‌లో గుక్క తిప్పుకోకుండా ఏదో అన్నారు. గ్రాసియెలా రెండు చేతులతో మొహం కప్పుకుంది.

"ఏమన్నారు?"

"అది... ఆడవాళ్ల ముందు అనే మాట కాదు."

నాకు మాత్రం పట్టరాని సంతోషం. తిట్లు, అంకెలు, ప్రార్థనలు, పాటలు, ఇలా నోటికి అలవాటైపోయినవాటిని ఆటోమేటిక్ స్పీచ్ అంటాం. అవి మెదడులో వేరే దారిన వస్తాయి. కన్నకూతురి పేరు పలకలేని ఒక తెలుగు పెద్దావిడ మంగళహారతి పాట చివరిదాకా పాడటం నేను విన్నాను. ఆ దారి తెరిచి ఉంటే దానిమీద మరికొన్ని మాటలు నడిపించవచ్చు.

కార్డులు పక్కన పెట్టేశాను. ఆయన ఆడిన పాత మ్యాచ్ ఏదైనా దొరుకుతుందేమో చూడమన్నాను. గ్రాసియెలా ఒక వీడియో పట్టుకొచ్చింది. రామీరో ముందుకి వంగి చూశారు. తెర మీద బంతి గాల్లోకి లేవగానే, కుర్చీలోంచి సగం లేచి అరిచారు: "మీయా!"

"నాది అని" చెప్పింది గ్రాసియెలా. "బంతి నేను తీసుకుంటాను, మీరు తప్పుకోండి అని."

కాసేపటికి "సాలీ!" అన్నారు. అందరూ ముందుకి కదలండి అని అర్థమట. మైదానం మొత్తం వెనక కాపు కాసే డిఫెండర్‌కే ఎదురుగా కనిపిస్తుంది కాబట్టి అందరికంటే ఎక్కువ అరవాల్సింది అతనేనని అప్పుడే తెలుసుకున్నాను.

తర్వాత మెల్లగా ఇంకో మాట వచ్చింది. "సోలో."

ఆ మాటకి ఒంటరి అని అర్థమని నాకు తెలుసు. కుర్చీ దగ్గరికి జరుపుకుని, "ఒంటరిగా అనిపిస్తోందా కోచ్?" అని అడిగాను.

ఆయన అడ్డంగా తల ఊపి నవ్వారు. మా సెంటర్‌కి వచ్చాక అదే మొదటి నవ్వు. గ్రాసియెలా కూడా నవ్వింది. "మైదానంలో దాని అర్థం వేరు సునీతా. మన ఆటగాడికి బంతి అందింది, దగ్గర్లో ప్రత్యర్థి ఎవరూ లేరు. వెనకనుంచి మనం అరుస్తాం, సోలో అని. నీ మీదికి ఎవరూ రావడంలేదు, కంగారుపడకు, నిదానంగా ఆడు అని."

అక్కడినుంచి అదే మా పాఠమైంది. "సోలో" పక్కన "తిరుగు" చేర్చాం. దాని పక్కన "చూడు". ఒక్కో అరుపుకీ ఇంగ్లీషు జత కలిపాం. ఏప్రిల్ వచ్చేసరికి మూడు నాలుగు మాటల వాక్యం, మధ్యలో ఆగి ఆగి, చెప్పగలుగుతున్నారు.

మే నెలలో క్లబ్ సీజన్ మొదలవుతుంది. ఆలోపు ఆయన జట్టు ముందు నిలబడి మాట్లాడగలగాలి, లేకపోతే అసిస్టెంట్‌ని హెడ్ కోచ్‌గా పెట్టుకుంటామని యాజమాన్యం మర్యాదగానే చెప్పింది. ఆ సంగతి చెప్పిన రోజు రామీరో చాలాసేపు కష్టపడి అన్నారు: "టీమ్... నా... ఇల్లు."

ఒకరోజు ఆయన తన సెంటర్ బ్యాక్‌ని వెంటబెట్టుకొచ్చారు. పేరు విక్రమ్. సన్నీవేల్‌లో పుట్టి పెరిగిన తెలుగబ్బాయి, కాలేజీ రెండో సంవత్సరం. కోచ్‌ని కారులో తిప్పే పని తనే అడిగి తీసుకున్నాడు. నా పేరు చూసి, "మీరు తెలుగా ఆంటీ? నా తెలుగు కొంచెం బ్యాడ్" అన్నాడు.

రామీరో అనుమతితో అతన్ని సెషన్‌లో కూర్చోబెట్టాను. ఆయన ఏ మాట దగ్గర ఆగినా విక్రమ్ వెంటనే అందించేసేవాడు. అందించిన ప్రతిసారీ రామీరో తల ఊపి ఊరుకునేవారు. సెషన్ అయ్యాక విక్రమ్‌ని వరండాలోకి పిలిచాను.

"విక్రమ్, ఆయన బదులు నువ్వు చెప్పెయ్యకు నాన్నా."

"కోచ్ అంత స్ట్రగుల్ అవుతుంటే నేను చూడలేను ఆంటీ. నాకు తెలుసు కదా ఆయన ఏం సే చేస్తారో."

"నీకు తెలుసు. కానీ నువ్వు అందిస్తుంటే ఆయన వెతుక్కోవడం మానేస్తారు."

"మరి ఎంతసేపు వెయిట్ చెయ్యాలి?"

"ఆయనకి కావలసినంతసేపు."

కళ్లు తుడుచుకుని "ఓకే ఆంటీ, ట్రై చేస్తా" అన్నాడు.

ఏప్రిల్ చివర్లో ఒక శనివారం పొద్దున నేనూ ప్రాక్టీస్‌కి వెళ్లాను. పేషెంట్ ఎక్కడ మాట్లాడాలో అక్కడికే వెళ్లి చూడటం మా థెరపీలో భాగం. జట్టంతా గడ్డి మీద కూర్చుంది. రామీరో కర్ర పట్టుకుని ఎదురుగా నిలబడ్డారు. వెనక యాజమాన్యం తరఫున ఇద్దరు.

"ఈ రోజు... డిఫెన్స్..." అన్నారు. అక్కడ ఆగిపోయారు.

ఎవరో బూటు లేసు విప్పి మళ్లీ కట్టుకున్నారు. ఎన్నో ఏళ్లుగా ఈ పని చేస్తున్నదాన్ని, నాకే పరిగెత్తి వెళ్లి ఆ మాట చేతిలో పెట్టాలనిపించింది. గ్రాసియెలా నా మణికట్టు గట్టిగా పట్టుకుంది. రామీరో మొహం ఎర్రబడింది. ఆయన చూపు కారు వైపు మళ్లింది.

అప్పుడు గడ్డిమీద కూర్చున్నచోటినుంచే విక్రమ్ అరిచాడు: "సోలో, కోచ్!"

ఒక్క క్షణం ఎవరికీ అర్థం కాలేదు. తర్వాత ఇంకొకరు అన్నారు, "సోలో!" ఆ మాట రోజూ ఆయన నోటినుంచే విన్న కుర్రాళ్లు వాళ్లు.

రామీరో విక్రమ్‌ని చూశారు. గట్టిగా ఊపిరి పీల్చుకున్నారు. "డిఫెన్స్... కలిసి... కదలాలి. ఒక్కడు... వెళ్లిపోతే... తలుపు... తీసినట్టే." అది చెప్పడానికి చాలాసేపే పట్టింది. ఎవరూ కదల్లేదు.

యాజమాన్యం ఆయన్నే కొనసాగిస్తామంది. వారం తిరక్కముందే రామీరో తనంతట తనే వెళ్లి, అసిస్టెంట్‌కి బాధ్యత ఇవ్వమనీ, తనకి డిఫెండర్లని మాత్రం వదిలెయ్యమనీ అడిగారు. నేను నివ్వెరపోయాను. ఇంత కష్టం దేనికి పడ్డట్టు?

"మ్యాచ్... ఆగదు" అన్నారు నాతో. తర్వాత తన నలుగురు డిఫెండర్లకి గుర్తుగా నాలుగు వేళ్లు చూపించి, "వీళ్లు... నా కోసం... ఆగుతారు."

ఆ రోజు బయట కారు దగ్గర గ్రాసియెలా ఏడ్చింది. ఆయన కర్ర కారుకి ఆనించి, ఆమె తల తన భుజానికి చేర్చుకుని, స్పానిష్‌లో నెమ్మదిగా ఏదో చెప్పారు. పూర్తి వాక్యమే. ఆమె నాకు అర్థం చెప్పలేదు, నేనూ అడగలేదు.

జూలైలో ఒక మ్యాచ్‌కి నన్ను పిలిచారు. స్కోరు సమానంగా ఉండగా, చివర్లో ప్రత్యర్థి కొట్టిన బంతి విక్రమ్ కాలికి తగిలి మా గోల్‌లోకే పోయింది. ఓన్ గోల్. జట్టు ఓడిపోయింది. అందరూ వెళ్లిపోయినా విక్రమ్ గోల్‌పోస్టు దగ్గరే కూర్చుండిపోయాడు. రామీరో కర్ర ఊతంతో మైదానమంతా దాటుకుని వెళ్లి, అతి కష్టంమీద అతని పక్కన కింద కూర్చున్నారు.

పార్కింగ్‌లో విక్రమ్ కనిపిస్తే అడిగాను, కోచ్ ఏమన్నారని.

"'నేను కూడా' అన్నారు ఆంటీ. ఆయన ట్వంటీస్‌లో ఒక ఫైనల్‌లో ఓన్ గోల్ వేశారట. ఎవ్వరికీ చెప్పేవారు కాదట. గ్రాసియెలా ఆంటీకి కూడా." విక్రమ్ బ్యాగు కారులో పెట్టి నా వైపు తిరిగాడు. "అన్ని మాటలు పోయాక, అది నాకు చెప్పడానికి అంత ట్రై చేశారు ఆంటీ."

ఆ వేసవి తర్వాత నా పనిలో ఒకటి మారింది. అంతకుముందు కొత్త పేషెంట్‌ని, మాట ఎక్కడెక్కడ ఆగుతోందో చూపించమనేదాన్ని. ఇప్పుడు ముందుగా, ఎవరితో మాట్లాడాలని ఉందని అడుగుతాను. మొన్న వచ్చిన ఒకాయన చాలాసేపు ఆలోచించి, తనని కారులో దింపి తలుపు దగ్గరే నిలబడిపోయిన తమ్ముణ్ని చూపించారు. ఇద్దరికీ ఏళ్లుగా మాటల్లేవట. తమ్ముణ్ని లోపలికి రమ్మని, ఇంకో కుర్చీ వేశాను.